చెడ్డ వార్తే లేదు, అయినా షేరు రోజూ లోయర్ సర్క్యూట్ ఎందుకు కొడుతుంది?

ప్రశ్న (కిరణ్): ఫలితాలు బాగున్నాయి, ప్రమోటర్ (కంపెనీ యజమాని) వాటా తనఖాలో లేదు. అయినా కొన్ని స్మాల్‌క్యాప్ షేర్లు వరుసగా రోజుకు 5% చొప్పున, అంటే ఒక రోజులో పడనిచ్చే హద్దు (లోయర్ సర్క్యూట్) దాకా పడిపోతాయి. ఇదంతా జనం భయమేనా? ముందే పసిగట్టే దారి ఉందా?

శ్రీధర్: భయం కంటే ముందు లెక్క చూడండి. ఎంటీఎఫ్‌లో (బ్రోకర్ అప్పుతో షేర్లు కొనే సదుపాయం) 100 రూపాయల షేర్లు వెయ్యి కొన్నారనుకోండి. సొంతం 25 వేలు, బ్రోకర్ అప్పు 75 వేలు. ధర 90కి దిగితే సరుకు విలువ 90 వేలు. అప్పు తగ్గదు కాబట్టి మీది 15 వేలే మిగిలింది. మార్జిన్, అంటే సరుకు విలువలో మీ సొంత డబ్బు వాటా, మళ్లీ 25% కావాలంటే 7,500 కట్టాలి. కట్టకపోతే? 15 వేలకు 60 వేల సరుకే మోయగలరు, అంటే 30 వేల విలువైనవి, సుమారు 333 షేర్లు అమ్మాలి. ధర పడింది 10%, బయటికొచ్చింది మూడో వంతు సరుకు! ఆ అమ్మకంతో ధర ఇంకాస్త దిగి, పక్కవాడి మార్జిన్ కూడా చాలకుండా పోతుంది. పెరిగేటప్పుడూ ఇదే లెక్క: 110 అయితే సొంతం 35 వేలు, ఇంకో 30 వేల సరుకు కొనొచ్చు.

లక్ష్మి: శ్రీధర్ గారి లెక్కకు మనసు తోడవుతుంది. నష్టానికి అమ్మడం ఎవరికీ ఇష్టముండదు. 10% పడగానే అమ్మాల్సినవాళ్లు యావరేజ్ చేస్తారు (తక్కువ ధరకు ఇంకొన్ని కొని సగటు ధర తగ్గించుకుంటారు), చేతిలో డబ్బు అయిపోతుంది, 20% దగ్గర అందరూ ఒకేసారి అమ్ముతారు. సర్క్యూట్‌లో కొనేవైపు సున్నా, అమ్మేవైపు లక్షల షేర్లు. ఒకే ధరకు ముందొచ్చిన ఆర్డరే ముందు కాబట్టి, అమ్మే ఉద్దేశం లేనివాళ్లు కూడా మర్నాడు ట్రేడింగ్ మొదలవకముందే, 9 గంటలకే ప్రీ-ఓపెన్‌లో క్యూ కడతారు. నాలుగు రోజుల్లో 100 కాస్తా 81.45. స్టాప్‌లాస్ (ఫలానా ధరకు పడితే అమ్మమని ముందే పెట్టిన ఆర్డర్) ట్రిగ్గర్ అయినా, కొనేవాడు లేకపోతే అమ్ముడుపోదు.

కిరణ్: సర్క్యూట్ పెట్టింది భయం తగ్గించడానికే కదా?

శ్రీధర్: ఆగిన సమయంలో కొత్త డబ్బు వస్తేనే తగ్గుతుంది. 2020 మార్చి 13న సూచీ 10% పడి మార్కెట్ మొత్తంలో 45 నిమిషాలు ట్రేడింగ్ ఆగింది, ఆ రోజే సెన్సెక్స్ 1,325 పాయింట్లు పెరిగి ముగిసింది. మార్చి 23న కూడా అలాగే ఆగింది, కానీ 13.15% నష్టంతో ముగిసింది.

పసిగట్టాలంటే: ఎన్‌ఎస్‌ఈ (స్టాక్ ఎక్స్ఛేంజ్) రోజూ ఇచ్చే షేరువారీ ఎంటీఎఫ్ పరిమాణాన్ని 20 రోజుల సగటు డెలివరీతో (అదే రోజు అమ్మేయకుండా నిజంగా చేతులు మారిన షేర్లతో) భాగించండి. నాలుగు దాటితే, అంటే నాలుగు రోజుల డెలివరీకి మించిన సరుకు అప్పు మీద నిలబడి ఉంటే, నేనైతే కొనను. ప్రైవేటు ఫైనాన్స్ (బ్రోకర్ల ఎంటీఎఫ్ కాకుండా బయట తెచ్చిన అప్పు) ఈ లెక్కలోకి రాదు, కాబట్టి తక్కువ అంకె చూసి ధీమా పడకండి.