గర్భసంచి మూతికి ‘పుండు’ ఉంటే కాపర్‌టీ వేయించుకోకూడదా?

ప్రశ్న (ఇద్దరు పిల్లల తల్లి):
నా వయసు 33. రెండూ మామూలు కాన్పులే. ఆపరేషన్‌కు మేమిద్దరమూ సిద్ధంగా లేకపోవడంతో, కాపర్‌టీ వేయించుకుందామని మా ఊళ్లోని ఒక నర్సింగ్ హోముకు వెళ్లాను. అక్కడ పరీక్ష చేసినవారు గర్భసంచి మూతి ఎర్రగా ఉందని, దాన్ని ‘ఎరోషన్’ అంటారని చెప్పి, చీటీ మీద బొమ్మ గీసి ఎర్ర పెన్నుతో దిద్ది చూపించారు. కాపర్‌టీ వేస్తే ఆ పుండు ముదిరి క్యాన్సర్ అవుతుందని, పిల్లలు చాలనుకుంటున్నారు కాబట్టి గర్భసంచి తీయించుకోవడమే మేలని అన్నారు. తెల్లబట్ట కొద్దిగా అవుతుంది తప్ప నొప్పి, దురద, వాసన లేవు. మా అత్తగారు అప్పుడే డబ్బు సర్దే పనిలో పడ్డారు. ఏం చేయమంటారు?

జవాబు (గైనకాలజిస్ట్):
ముందు ఆ డబ్బు సర్దడం ఆపించండి. ‘ఎరోషన్’ అన్న పాత పేరు తెలుగులో ‘పుండు’ అయి కూర్చుంది గాని, అక్కడ పుండేమీ ఉండదు. గర్భసంచి మూతి లోపలి కాలువను కప్పే పొర ఒకే వరుస కణాలతో పలుచగా ఉండటం వల్ల కింది రక్తనాళాలు కనిపించి ఎర్రగా ఉంటుంది. బయటి పొర అనేక వరుసలతో మందంగా, లేత గులాబీ రంగులో ఉంటుంది. గర్భం వచ్చినప్పుడు, గర్భనిరోధక మాత్రలు వాడుతున్నప్పుడు, లేదా వయసులో ఉన్నప్పుడు సహజంగానే, ఈస్ట్రోజెన్ అనే హార్మోన్ ప్రభావంతో లోపలి పొర కొంత బయటికి తిరుగుతుంది. జాకెట్టు చేతి అంచు మడిస్తే లోపలి గుడ్డ కనిపించినట్టన్నమాట. దీనికి ఎక్ట్రోపియన్ అనడమే సరైన మాట. ప్రపంచ ఆరోగ్య సంస్థ దీన్ని కాపర్‌టీకి ఎలాంటి అడ్డంకీ లేని మొదటి వర్గంలోనే ఉంచింది.

ఇక గర్భసంచి మూతి క్యాన్సర్ సంగతి. దానికి ప్రధాన కారణం హెచ్‌పీవీ వైరస్, కాపర్‌టీ కాదు. 16 అధ్యయనాలను కలిపి చూసి 2017లో ప్రచురించిన ఒక విశ్లేషణలో, లూప్ (కాపర్‌టీలా గర్భసంచిలో ఉంచే పరికరం) వాడినవారిలో ఈ క్యాన్సర్ సుమారు మూడోవంతు తక్కువగా కనిపించింది. అది రక్షణ ఇస్తుందని దీన్నిబట్టి తీర్మానించలేం గాని, పెంచుతుందన్న భయానికి మాత్రం ఆధారం లేదు. మీరు చేయించుకోవలసింది స్క్రీనింగ్. మన జాతీయ కార్యక్రమం ప్రకారం 30 నుంచి 65 ఏళ్ల వరకు ప్రతి ఐదేళ్లకు ఒకసారి ఇది చేయాలి. మూతికి పలుచని ఎసిటిక్ ఆమ్లం రాసి, ఒక నిమిషం ఆగి, తెల్లటి మచ్చ తేలుతుందేమో చూస్తారు. కలయిక తర్వాత రక్తం కనిపిస్తుంటే, కారణం తెలియని రక్తస్రావం ఉంటే, చీములాంటి స్రావం అవుతుంటే మాత్రం ముందు వాటి సంగతి తేలాకే కాపర్‌టీ.

పదిహేనేళ్ల నుంచి నలభై తొమ్మిదేళ్లలోపు స్త్రీలకు గర్భసంచి తొలగింపు ఎక్కువగా జరుగుతున్న రాష్ట్రాల్లో మన రెండు రాష్ట్రాలూ ముందు వరుసలో ఉన్నాయి. తెల్లబట్టకూ ఎర్రటి మూతికీ ఆపరేషన్ చేయడం నాకెప్పుడూ మింగుడుపడదు.

జవాబు (స్టాఫ్ నర్సు):
డాక్టరు గారు చెప్పినదానికి నేను కలిపేది కొంచెమే. మామూలు కాన్పు అయినవారికి మూతి గుండ్రని చుక్కలా కాక అడ్డంగా చీలికలా ఉంటుంది. పరికరం లోపలికి వెళ్లడం కూడా కాస్త సులువు. మూతి కనిపించేలా స్పెక్యులమ్ అనే పరికరం పెట్టి, మూతిని శుభ్రం చేసి, వల్సెల్లమ్ అనే పట్టకారుతో పట్టుకున్నప్పుడు ఒక చురుకు, సౌండ్ అనే సన్నని కడ్డీతో లోతు కొలిచేటప్పుడు నెలసరి నొప్పిలాంటి తిప్పు వస్తాయి. కాపర్‌టీ వేశాక దానికుండే దారాలను మూతి బయట సుమారు 3 సెంటీమీటర్లు ఉంచి కత్తిరిస్తాం. కొందరికి కళ్లు తిరుగుతాయి కాబట్టి వెంటనే లేవకండి, వెంట ఒకరిని తీసుకువెళ్లండి. కాపర్‌టీలో 380ఏ రకం పదేళ్లు పనిచేస్తుంది.

జవాబు (నాలుగేళ్లుగా వాడుతున్నవారు):
అంతా సాఫీగా ఉంటుందని మాత్రం అనుకోకండి. మొదటి నాలుగు నెలలు నాకు నెలసరి రక్తం దాదాపు రెట్టింపయింది, తీయించేద్దామని రెండుసార్లు వెళ్లి వచ్చాను. తర్వాత సర్దుకుంది. రక్తహీనత ఉంటే ముందే హిమోగ్లోబిన్ చూపించుకోండి.

ప్రశ్న అడిగినవారు:
ప్రభుత్వ ఆసుపత్రిలో స్క్రీనింగ్ చేయించుకున్నాను, తెల్ల మచ్చ ఏమీ లేదన్నారు. కాపర్‌టీ కూడా అక్కడే వేశారు. అత్తగారు దగ్గరుండి తీసుకువచ్చారు. దారం చివర మా వారికి గుచ్చుకుంటోందట, ఏం చేయాలి?

జవాబు (స్టాఫ్ నర్సు):
కొన్ని వారాల్లో దారం మెత్తబడి మూతి చుట్టూ ఒదుగుతుంది. మొదటి నెలసరి అయ్యాక చూపించుకోవడానికి వెళ్లినప్పుడు చెప్పండి, సరిచేస్తారు. మీరే లాగడం గానీ కత్తిరించడం గానీ చేయవద్దు.