పేపర్లు ‘ఆకతాయిలు’ అని రాయడం ఆపాలా, వద్దా?

శ్రావణమేఘం: 2024 వినాయక చవితికి ఖైరతాబాద్ గణేశుడి దగ్గర మఫ్టీలో తిరిగిన షీ టీమ్స్ (ఆడవాళ్ల భద్రత చూసే పోలీసు బృందాలు) ఏడు రోజుల్లో 285 మందిని పట్టుకున్నాయి. రద్దీని అడ్డం పెట్టుకుని ఆడవాళ్లను వేధించినవాళ్లు వీళ్లంతా. ఇలాంటి వార్త ఎప్పుడొచ్చినా మన పేపర్లలో, టీవీల్లో అవే శీర్షికలు, ‘ఆకతాయిల ఆటకట్టు’, ‘పోకిరీలకు చెక్’ అని. మా అమ్మమ్మ ఆకతాయి అనేది పక్కింటి దొడ్లో జామకాయలు కోసుకొచ్చే పిల్లాణ్ణి. దర్శనం లైన్లో ఆడపిల్లను తడిమిన పెళ్లయిన మగాడికీ అదే మాటా? భారతీయ న్యాయ సంహిత 74వ సెక్షన్ ప్రకారం అది ఏడాది నుంచి ఐదేళ్ల దాకా జైలు పడే నేరం. లైంగిక వేధింపు అని రాయడానికి ఏం అడ్డం?

కృష్ణాతీరం: మీ కోపం న్యాయమేనండీ, కానీ మాట మారిస్తే మగాళ్లు మారతారా? నిమజ్జనం రోజు ట్యాంక్‌బండ్ మీద అడుగు తీసి అడుగు వేయలేం, అక్కడ తగిలిన ప్రతి చెయ్యీ వేధింపు కాదు కదా. పట్టుబడినవాళ్లలో మైనర్లు కూడా ఉంటారు. కేసులు గట్టిగా పెట్టమని అడగండి, శీర్షికల మీద పోట్లాట దేనికి?

శ్రావణమేఘం: తగలడం వేరు, తడమడం వేరు. ఆ తేడా ఏ ఆడదానికీ ఎవరూ చెప్పక్కర్లేదండీ. నేను ఇంటర్ చదివేటప్పుడు మా అమ్మ చున్నీకి ఒక పిన్నీసు ఎక్కువ పెట్టి బస్సెక్కించేది. ఒకరోజు దాంతో గుచ్చాను. వాడు ‘అబ్బా’ అని అరిస్తే చుట్టూ ఉన్నవాళ్లు నవ్వారు, కండక్టరేమో నన్నే ముందుకు జరగమన్నాడు. నేను మాట్లాడేది ఆ నవ్వు గురించి. నడిచి వెళ్లే అమ్మాయికి హీరో, అతని గ్యాంగు అడ్డంపడి చున్నీ లాగితే దానికి ‘టీజింగ్ సాంగ్’ అని పేరు పెట్టి, థియేటర్లో ఈలలు వేస్తూ పెరిగాం మనం. 2016 డిసెంబర్ 31 రాత్రి బెంగళూరు ఎం.జి. రోడ్డు, బ్రిగేడ్ రోడ్డులో గుంపులు అమ్మాయిల మీద చేతులేశాయని వార్తలొస్తే, అప్పటి కర్ణాటక హోం మంత్రి పరమేశ్వర గారు ఇలాంటివి జరుగుతుంటాయి అనేశారు. కేసులు గట్టిగా పెట్టమంటున్నారు మీరు, మంచిదే, కానీ జరిమానా, కౌన్సెలింగ్‌తో ఇన్ని కేసులు తేలిపోతున్నాయంటే అది అల్లరేనని అందరం ముందే అనేసుకున్నాం కాబట్టే.

పాతచెరువు: అమ్మా, మా ఊరి తిరునాళ్లలో కుర్రాళ్లు కావాలనే ఆడవాళ్ల వైపు తోసుకెళ్తుంటే మేం కుర్రతనం అనుకునేవాళ్లం. మా చెల్లెలు రథం చూడటానికి రావడం మానేసింది. కారణం మాకు తెలుసు, ఇంట్లో ఒక్కరం కూడా ఆ మాట ఎత్తలేదు.

కృష్ణాతీరం: శీర్షిక సంగతి ఒప్పుకుంటున్నానండీ. మైనర్లకు మాత్రం తల్లిదండ్రుల ముందు కౌన్సెలింగే సరైందని ఇప్పటికీ అంటాను.

శ్రావణమేఘం: పదిహేనేళ్ల వాడికి సరే. కానీ కౌన్సెలింగ్‌లో కూడా వాడు చేసిన పనికి అసలు పేరు పెట్టి చెప్పాలి, వాళ్ల నాన్న వినేలా.