చాంగీ జైలులో 1942లో కుట్టిన బొంతలు: వాటిలో నిజంగా రహస్య సందేశాలు ఉన్నాయా?

సూదీదారం (ప్రశ్న)

అందరికీ నమస్కారం. మెల్‌బోర్న్‌లో మేము కొందరు తెలుగు, తమిళ, మరాఠీ స్త్రీలం నెలకొకసారి కలుసుకుని పాత చీరలతో బొంతలు కుట్టుకుంటూ ఉంటాము. ఈ మధ్య మా సభ్యురాలొకరు కాన్‌బెర్రాలోని ఆస్ట్రేలియన్ వార్ మెమోరియల్ సేకరణలో ఉన్న చాంగీ బొంతల ఫొటోలు చూపించారు. రెండవ ప్రపంచ యుద్ధకాలంలో సింగపూర్‌లో బందీలుగా ఉన్న స్త్రీలు వాటిని కుట్టారట. తెల్లటి చిన్న చిన్న గళ్లు, ఒక్కొక్క గడిలో ఒక్కొక్కరి బుటా పని, చాలా గళ్లలో కుట్టిన వారి పేరు కూడా కనిపించాయి.

మా బృందంలో తిరుగుతున్న ఒక వాట్సాప్ సందేశం మాత్రం, ఆ స్త్రీలు జపాన్ అధికారుల కళ్లు గప్పి సంకేత భాషలో యుద్ధ రహస్యాలను బయటికి పంపించారని చెబుతోంది. పేరు పెట్టి మరీ కుట్టిన గుడ్డలో యుద్ధ రహస్యం పంపే సాహసం ఎవరు చేస్తారన్నది నా అనుమానం. అదీ కాక, మూడు బొంతల్లో ఒకదానిని గాయపడిన జపాన్ సైనికుల కోసమే కుట్టారని చదివాను. తమను బంధించిన వారికి బొంత కుట్టి ఇవ్వవలసిన అవసరం ఏమి వచ్చింది? జైలులో వారికి గుడ్డ, సూది, దారం ఎక్కడ దొరికాయి? తెలిసిన వారు వివరంగా చెబితే, రాబోయే సమావేశంలో మా వాళ్లకు చదివి వినిపిస్తాను.

పాతపేటిక

సూదీదారం గారూ, మీ అనుమానం సరైనదే. అయితే ముందు సందర్భం చెప్పుకోవాలి, ఎందుకంటే అది తెలియకపోతే ఆ గళ్లు మామూలు బుటా పనిలాగే కనిపిస్తాయి.

సింగపూర్ 1942 ఫిబ్రవరి 15న జపాన్ సైన్యానికి లొంగిపోయింది. అక్కడి ఐరోపా పౌరులను కొద్ది రోజులు కటాంగ్ ప్రాంతంలోని ఇళ్లలో ఉంచి, మార్చి నెలలో చాంగీ జైలుకు నడిపించుకుని వెళ్లారు. దాదాపు ఆరు వందల మంది ఖైదీల కోసం కట్టిన ఆ జైలులో రెండు వేలకు పైగా పౌరులను కుక్కారు. స్త్రీలూ పిల్లలూ మొదట్లో సుమారు నాలుగు వందల మంది ఉండేవారు. వారి విభాగం వేరు, పౌరులైన మగవారి విభాగం వేరు, మాటామంతీ నిషేధం. భర్త సైన్యంలో ఉన్న స్త్రీల పరిస్థితి ఇంకా కష్టంగా ఉండేది. లొంగిపోయిన సైనికులను చాంగీ ప్రాంతంలోనే ఉన్న బారకాసుల్లో నిర్బంధించారు, కనుక భర్త కొద్ది మైళ్ల దూరంలోనే ఉన్నా, బతికి ఉన్నాడో లేడో భార్యకు తెలిసే మార్గం లేదు. భార్యాపిల్లలు ఓడ ఎక్కి తప్పించుకున్నారో, దారిలో మునిగిపోయారో, జైలులోనే ఉన్నారో అతనికీ తెలియదు.

ఈ పరిస్థితిలో, శిబిరంలో రెడ్‌క్రాస్ ప్రతినిధిగా వ్యవహరించిన ఎథెల్ మల్వనీ అనే కెనడా మహిళ బొంతల పనికి పూనుకున్నారు. ఆమె భర్త సైనిక వైద్యుడు. ఒక్కొక్క స్త్రీకి ఆరు అంగుళాల తెల్ల గుడ్డ ముక్క ఇచ్చి, దానిలో తనకు సంబంధించినది ఏదైనా కుట్టి పేరు పెట్టమని అడిగారు. అటువంటి అరవై ఆరు గళ్లను కలిపితే ఒక బొంత తయారైంది. ఆ విధంగా మూడు బొంతలు కుట్టారు: ఒకటి గాయపడిన బ్రిటిష్ సైనికులకు, ఒకటి ఆస్ట్రేలియన్లకు, ఒకటి జపనీయులకు. వాటిని సైనికుల ఆసుపత్రికి పంపించడం వారి ఉద్దేశం.

ఇప్పుడు మీ అసలు ప్రశ్నకు వస్తాను. ఆసుపత్రిలో మంచం మీద ఉన్న సైనికుడికి ఆ బొంతను చూడగానే దక్కేది యుద్ధ సమాచారం కాదు, ఒక జాబితా. ఫలానా ఆమె బతికే ఉంది, జైలులో ఉంది, సూది పట్టుకోగలిగే స్థితిలో ఉంది. ఉత్తరాలకు అనుమతి లేని చోట ఆ జాబితా ఒక వార్డు నుంచి మరొక వార్డుకు, అక్కడి నుంచి భర్తల చెవులకు చేరుతుందన్నదే వారి ఆశ. దానికి సంకేతం అవసరం లేదు, పేరు స్పష్టంగా కనబడితేనే పని జరుగుతుంది. పువ్వులు, స్వదేశపు పటాలు, జైలు గది బొమ్మ, అక్కడక్కడ కొంచెం వెటకారం కలిసిన ధైర్యవచనాలు ఆ గళ్లలో కనిపిస్తాయి. ఒక గడి గురించి తరచూ చెప్పే కథ ఉంది: ఒక తల్లి నీలం రిబ్బను కట్టిన కుందేలు పిల్లను కుట్టి, మనకు మగబిడ్డ పుట్టాడని భర్తకు తెలియజేసిందట. దానిని సంకేతం అనాలంటే అనవచ్చు. కాని అది ఆలుమగల మధ్య మాట, గూఢచారుల మధ్య మాట కాదు.

ఇంకొక్క మాట. ఈ మూడింటి కంటే ముందు ఆ జైలులోనే ఎనిమిది నుంచి పదహారేళ్ల వయసు గల గర్ల్ గైడ్ బాలికలు తమ నాయకురాలు ఎలిజబెత్ ఎన్నిస్‌కు పుట్టినరోజు కానుకగా రహస్యంగా ఒక బొంత కుట్టసాగారు. పెద్దవాళ్లకు ఆలోచన వచ్చింది ఆ పిల్లల పనిని చూసిన తరువాతనే అంటారు. ఆ బొంత ఇప్పుడు లండన్‌లోని ఇంపీరియల్ వార్ మ్యూజియంలో ఉంది. మీ వాట్సాప్ సందేశంలో రహస్యం అన్న మాట ఎక్కడైనా సరిపోతుందంటే అది ఈ పిల్లల విషయంలోనే, అదీ వారి నాయకురాలికి తెలియకుండా దాచడం వరకే.

కంటోన్మెంట్ వాసి

పాతపేటిక గారు చరిత్ర చెప్పారు కనుక, నేను గుడ్డ, దారం సంగతి చెబుతాను.

యుద్ధకాలపు బొంతలన్నింటిలోనూ సరుకే కొలతను, కుట్టును నిర్ణయించింది. చాంగీలో పిండి సంచులు, పాత దుప్పట్లు, చినిగిన బట్టలు గుడ్డగా పనికివచ్చాయి. దారం కోసం వాడని బట్టల నుంచి పోగులు లాగారు. ఇటువంటి పోగును పొడవుగా లాగితే తెగుతుంది, అందువల్ల చిన్న చిన్న ముక్కలుగానే వాడాలి, కాడ కుట్టు, గొలుసు కుట్టు వంటి సులువైన కుట్లకే అది తట్టుకుంటుంది. ఆరు అంగుళాల గడి అయితే ఒళ్లో పెట్టుకుని కుట్టవచ్చు, చట్రం అక్కరలేదు, ఒకరి పని అయిపోయాక అదే సూదిని ఇంకొకరు తీసుకోవచ్చు. పిల్లల బొంతలో చతురస్రాలు కాకుండా షడ్భుజాలు ఉన్నాయి, ఆరు ముక్కలు ఒక ముక్క చుట్టూ చేరితే పువ్వు ఆకారం వస్తుంది. షడ్భుజాలు కుట్టడానికి వాడుకలో ఉన్న పద్ధతి ఏమిటంటే, కాగితాన్ని ఆ ఆకారంలో కత్తిరించి, దాని మీదికి గుడ్డ అంచులు మడిచి కచ్చా కుట్టు వేసి, రెండేసి ముక్కలను అంచు వెంట చుట్టుకుట్టుతో కలుపుతూ పోవడం, చివర కాగితాలు తీసివేయడం. అరచేతి కంటే చిన్న పీలికలు కూడా వృథా కాకపోవడం దీనిలోని సౌలభ్యం.

బొంత కుట్టడం స్త్రీల పనే అన్న అభిప్రాయం కూడా యుద్ధచరిత్ర ముందు నిలవదు. క్రిమియా యుద్ధం (1853–56) నాటి నుంచి బ్రిటిష్ సైనికులు, ముఖ్యంగా గాయాలతో ఆసుపత్రుల్లో ఉన్నవారు, యూనిఫారాల ఉన్ని గుడ్డ ముక్కలతో అద్భుతమైన బొంతలు కుట్టారు. ఎరుపు, నలుపు, పసుపు, తెలుపు రంగుల ఆ గుడ్డ బాగా దట్టంగా నేసి తొక్కించినది కావడం వల్ల కత్తిరించినా అంచు పోగులు ఊడవు, కాబట్టి అంచులు మడవకుండా, ఒకదాని పక్కన ఒకటి ఆనించి కుట్టేసేవారు. తలకు శస్త్రచికిత్స జరిగిన థామస్ వాకర్ అనే సైనికుడు మంచం మీద కూర్చుని అటువంటి బొంత కుడుతున్న వర్ణచిత్రాన్ని థామస్ వుడ్ అనే చిత్రకారుడు 1856లో గీశాడు. తాగుడు, జూదం మాన్పించడానికి కుట్టుపని మంచిదని అధికారులు కూడా ప్రోత్సహించారు. అది ఎంతవరకు ఫలించిందన్నది సికింద్రాబాద్‌లో ఉండే నాకు కొంచెం అనుమానమే!

మన దేశంలోని కంటోన్మెంట్లలో కూడా ఈ పని సాగింది. ఫ్రాన్సిస్ బ్రేలీ అనే బ్రిటిష్ సైనికుడు 1864–1877 మధ్య భారతదేశంలో ఉండగా కుట్టిన బొంత లండన్‌లోని విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియంలో ఉంది. వేల ముక్కల పని అది. మన ఇళ్లలో దబ్బనంతో పొడుగ్గా వేసే బొంత కుట్టుకు, ఈ పనికి పోలిక తక్కువ, మనది పొరలను కలిపి పట్టే కుట్టు, ఇది ముక్కలను అతికే కుట్టు.

సూదీదారం

ఇద్దరికీ ధన్యవాదాలు. అయితే జపాన్ సైనికుల బొంత సంగతి ఇంకా తేలలేదు. అనుమతి కోసం వేసిన ఎత్తు అని మా వాళ్లు కొందరు అంటున్నారు, దయ అని మరికొందరు అంటున్నారు. అలాగే, వచ్చే ఏడాది మా బృందం ఇటువంటి గళ్ల బొంత ఒకటి కుట్టాలనుకుంటోంది, దానికేమైనా సలహా చెప్పగలరా?

మంచుతెర

నేను అంటారియోలో ఉంటాను, ఎథెల్ మల్వనీ గారిది కూడా ఈ రాష్ట్రమే.

ఎత్తు అన్న వాదనలో బలం లేకపోలేదు. మూడు బొంతల్లో ఒకటి తమ సైనికులకే అన్నప్పుడు మిగిలిన రెండింటిని ఆపడం శిబిరాధికారికి కష్టమవుతుంది. కాని నా దృష్టిలో అది సగం సమాధానమే. గాయపడిన సైనికుడు ఏ పక్షం వాడైనా సేవ చేయాలన్నది రెడ్‌క్రాస్ మూలసూత్రం, 1864 నాటి జెనీవా ఒప్పందం నిలబడ్డది దాని మీదే. ఆ సంస్థ పేరు మీద పని చేసే స్త్రీ తన వాళ్లకు మాత్రమే బొంత పంపించి ఉంటే అదే వింతగా ఉండేది. అలాగని ఆ స్త్రీలు మూడింటినీ ఒకే మనసుతో కుట్టారని కూడా అనలేము. జపాన్ బొంతలో పూలు, పళ్లు, అందమైన దృశ్యాలే ఎక్కువ. మిగిలిన రెండింటిలో కనిపించే సొంత మాటలు, ఇంటి గుర్తులు, ఎగతాళి దానిలో దాదాపు లేవు. మర్యాద అందరికీ ఇచ్చారు, మనసులో మాట మాత్రం సొంతవారికే చెప్పారు. ఆస్ట్రేలియా బొంత వెనుక కుట్టిన అంకితంలో యుద్ధం ముగిశాక దీనిని ఆస్ట్రేలియన్ రెడ్‌క్రాస్‌కు అందజేయాలని కోరి, ఆ కిందనే దీనిని డ్రై క్లీనింగ్ చేయించడం మంచిదని కూడా రాశారు. తిండికి కటకటలాడే జైలులో కూర్చుని, ఎప్పటికో వచ్చే శాంతికాలంలో ఉతుకు గురించి ఆలోచించిన ఆ ఇల్లాలి జాగ్రత్త నాకు మిగతా గళ్లన్నింటి కంటే ఎక్కువగా నచ్చుతుంది.

రహస్య సంకేతాల కథలు ఒక్క చాంగీకే పరిమితం కాలేదు. అమెరికాలో బానిసత్వం నుంచి పారిపోయే నల్లజాతి వారికి బొంతల నమూనాలు దారి చూపేవని 1999లో వచ్చిన ఒక పుస్తకంతో విపరీతంగా ప్రచారమైంది. పారిపోయి వచ్చిన వారు స్వయంగా చెప్పిన వృత్తాంతాలలో ఆ ప్రస్తావన కనబడదని చరిత్రకారులు దానిని అంగీకరించలేదు. అంతర్యుద్ధకాలపు (1861–65) అసలు చరిత్ర వేరు. ఉత్తరాది రాష్ట్రాల స్త్రీలు సైనికుల కోసం కుట్టి పంపిన బొంతలు రెండున్నర లక్షల వరకు ఉంటాయని అంచనా. ఆసుపత్రి మంచానికి సరిపోయేలా వెడల్పు తక్కువగా కుట్టారు. వాటిలో ఈనాటికి మిగిలినవి వేళ్ల మీద లెక్కపెట్టదగినన్ని మాత్రమే, ఎందుకంటే కప్పుకున్న వారు చిరిగి చీలికలయ్యే దాకా కప్పుకున్నారు, కొందరిని వాటిలోనే చుట్టి పూడ్చారు. రెండవ ప్రపంచ యుద్ధంలో కెనడా స్త్రీలు రెడ్‌క్రాస్ ద్వారా దాదాపు నాలుగు లక్షల బొంతలు బ్రిటన్‌కు పంపించారు. బాంబు దాడుల్లో ఇళ్లు పోయిన కుటుంబాలకు, ఆసుపత్రులకు అవి అందాయి. కుట్టిన వారి పేర్లు చాలావాటి మీద లేవు, కెనడియన్ రెడ్‌క్రాస్ కానుక అన్న చిన్న పట్టీ మాత్రమే ఉంటుంది. చాంగీ బొంతలు ఇంత పదిలంగా దక్కడానికి కారణం, ఎవరూ వాటిని పెద్దగా కప్పుకోకపోవడమే. బ్రిటిష్ బొంత లండన్‌లో బ్రిటిష్ రెడ్‌క్రాస్ వద్ద ఉంది, మిగిలిన రెండూ మీ కాన్‌బెర్రాలోనే ఉన్నాయి.

మీ బృందం విషయానికి వస్తే, అందరికీ ఒకే తాను నుంచి కోసిన గుడ్డ ఇవ్వండి. ఎవరి చీర ముక్క వారు తెచ్చుకుంటే ఒకటి సాగుతుంది, ఒకటి ముడుచుకుంటుంది, ఉతికాక గళ్లు వంకర తిరుగుతాయి. గుడ్డను ముందే ఒకసారి నీళ్లలో తడిపి ఆరబెట్టండి. ఆరు అంగుళాల గడికి చుట్టూ అర అంగుళం అతుకు కోసం వదిలి, ఆ గీత దాటి బుటా పని చేయవద్దని ముందుగానే అందరికీ చెప్పండి. రంగు దారాలను వేడినీళ్లలో వేసి చూడండి, ముఖ్యంగా ఎరుపు. పేరు తెలుగులో కుట్టాలనుకునే వారికి కాడ కుట్టు బాగుంటుంది, మన అక్షరాల వంపులకు గొలుసు కుట్టు లావుగా పడి ఒత్తులు, గుడులు కలిసిపోతాయి.