ఒరిజినల్ దస్తావేజు అవతలివాళ్ల దగ్గర ఉంది, సీసీతో దావా నిలుస్తుందా?

కాలువగట్టు: నాన్నగారు 1974లో కొన్న రెండెకరాల ఇరవై సెంట్లు. ఒరిజినల్ మా పెదనాన్న కొడుకు బీరువాలో ఉండిపోయింది. నాన్న పోయాక అడిగితే “ఏ దస్తావేజు?” అంటున్నాడు. రిజిస్ట్రేషన్ ఆఫీసులో సర్టిఫైడ్ కాపీ (సీసీ) తీశాను, పాత జిరాక్స్ కూడా ఉంది. సీసీని కోర్టులో నేరుగా మార్క్ చేస్తారా (సాక్ష్యంగా నెంబరు వేసి తీసుకుంటారా), ముందు అనుమతి కోరుతూ పిటిషన్ వేయాలా? జిరాక్స్ పనికొస్తుందా? దస్తావేజులో సాక్షి సంతకాలు పెట్టిన ఇద్దరూ చనిపోయారు, అది ఇబ్బందా?

మెట్టపొలం: జిరాక్స్ మాట ఎత్తకండి. మా ఇంజంక్షన్ దావాలో దాన్నే నమ్ముకున్నాం. మూడేళ్లు వాయిదాలు తిరిగాక, చీఫ్ అఫిడవిట్ (మా సాక్ష్యం రాతలో) వేసిన రోజున అవతలి ప్లీడరు లేచి అభ్యంతరం చెప్పారు. జిరాక్స్ పక్కకు పోయింది. సీసీ తెచ్చుకునే సరికి ఇంకో ఎనిమిది నెలలు. అమ్మ ఆ మధ్యలోనే పోయింది.

గుమాస్తాగారు: ఇరవై రెండేళ్లుగా ప్లీడరు గుమాస్తాను, ఇలాంటి కట్టలు వందలు కట్టాను. పిటిషన్ అక్కర్లేదు. రిజిస్ట్రేషన్ చట్టం 57(5) చూడండి. రిజిస్ట్రారు సంతకం, సీలుతో ఇచ్చిన కాపీ, ఒరిజినల్‌లో ఏముందో రుజువు చేయడానికి పనికొస్తుందని అందులోనే ఉంది. రిజిస్టర్డ్ దస్తావేజు పబ్లిక్ డాక్యుమెంటు. నేరుగా మార్క్ చేయించండి.

నల్లకోటు: గుమాస్తాగారూ, అక్కడ ఆగండి. అమ్మకం దస్తావేజు పబ్లిక్ డాక్యుమెంటు కాదు, అది ఇద్దరి మధ్య ప్రైవేటు కాగితం. ఆఫీసులో ఒకటో పుస్తకంలో (స్థిరాస్తి దస్తావేజుల రిజిస్టరులో) ఎక్కించిన నకలు ఉంది చూశారూ, అదీ పబ్లిక్ రికార్డు. సీసీ దానికి కాపీ. ఈ తేడా తెలియక క్రాస్ ఎగ్జామినేషన్‌లో నోరు మూసుకున్నవాళ్లను చూశాను.

గుమాస్తాగారు: ఫలితం ఒకటే కదండీ! 2023లో సుప్రీంకోర్టు అప్పయ్య కేసులో 1928 నాటి దస్తావేజు సీసీని సెకండరీ ఎవిడెన్స్‌గా, అంటే ఒరిజినల్ బదులు చూపే సాక్ష్యంగా, ఒప్పుకుంది. ఇంకేం కావాలి?

నల్లకోటు: ఫలితం ఒకటి కాదు. సీసీతో దస్తావేజులో రాసిందేమిటో రుజువవుతుంది. అవతలివాడు “మా నాన్న అసలు సంతకమే పెట్టలేదు” అంటే, రాసిచ్చిన సంగతి మీరు వేరే రుజువు చేసుకోవాలి. మార్క్ అయినంత మాత్రాన నిరూపణ అయినట్టు కాదు.

మెట్టపొలం: మా జడ్జిగారు సీసీకి కూడా పిటిషన్ వేయమన్నారు. చట్టంలో ఏముందో నాకు తెలియదు, మా కోర్టులో జరిగింది చెబుతున్నా.

గుమాస్తాగారు: మీ ప్లీడరు 57(5) చూపించలేదు, అందుకే అడిగారు.

మెట్టపొలం: మా ప్లీడరు గురించి మీకేం తెలుసండీ? ఫీజు తీసుకోకుండా ఆరేళ్లు వాదించిన మనిషి. మాట జాగ్రత్త.

నల్లకోటు: ఇద్దరూ శాంతించండి. కాలువగట్టు గారూ, పిటిషన్ సంగతి ఎలా ఉన్నా, ఒరిజినల్ అవతలివాళ్ల దగ్గరే ఉంది కాబట్టి ముందు “కోర్టులో హాజరు పెట్టు” అని నోటీసు ఇవ్వండి. పాత సాక్ష్య చట్టంలో 66, 2024 జులై 1 నుంచి వచ్చిన కొత్త చట్టంలో 64. సెకండరీ ఎవిడెన్స్ 65 ఇప్పుడు 60. కొత్త దావాలో పాత నెంబర్లు రాయకండి.

పెద్దక్క: వీలునామా ఉన్నవాళ్లు కూడా ఇది చదివితే మంచిది. రిజిస్టరైంది, సీసీ ఉంది, ఇంకేం భయం అనుకున్నాను. వీలునామాకు అటెస్టేషన్ సాక్షి (సాక్షిగా సంతకం పెట్టినవాళ్లు) బతికుంటే ఒక్కరినైనా కోర్టుకు తేవాలని నాకు ఎవరూ చెప్పలేదు. ఊళ్లోనే ఉన్న సాక్షిని పిలవలేదు, కేసు పోయింది. రాసినవాళ్లు బతికుండగా మూడో పుస్తకం (వీలునామాల రిజిస్టరు) నుంచి వాళ్లకూ వాళ్ల ఏజెంటుకూ తప్ప కాపీ ఇవ్వరు, చనిపోయాక ఎవరు అడిగినా ఇస్తారు. అది మాత్రం ఆఫీసులో చక్కగా చెప్పారు.

ఎర్రబట్ట: నా సంగతి వేరు. సీసీలో సర్వే నెంబరు 188/2 అని ఉంది, మా భూమి 183/2. అవతలివాళ్లు దాన్నే పట్టుకుని కూర్చున్నారు. కోర్టు ద్వారా వాల్యూమ్‌నే (ఆఫీసు రిజిస్టరు పుస్తకాన్నే) తెప్పించాం. ఎర్రబట్ట అట్ట, చెదలు తిన్న అంచులు, కలంతో రాసిన పేజీ. జడ్జిగారు కళ్లద్దాలు తీసి దగ్గరగా చూశారు. మూడు అంకె పైకొస కాస్త మడత పడి ఎనిమిదిలా ఉంది, అంతే. కింద హద్దుల్లో “తూర్పున చెరువు కాలువ” చూసి అది మా చేనేనన్నారు. వేలిముద్రల రిజిస్టర్ కూడా వచ్చింది. 1969లో తాత వేసిన బొటనవేలి ముద్ర. నాకు కళ్లలో నీళ్లు తిరిగాయి.

పొరుగుదేశం: మా నాన్న ఇచ్చిన పవరాఫ్ అటార్నీ నాలుగో పుస్తకంలో (స్థిరాస్తికి సంబంధించని ఇతర దస్తావేజుల రిజిస్టరులో) ఉందట. డల్లాస్ నుంచి అప్లికేషన్ పంపితే కాపీ ఇస్తారా?

నల్లకోటు: నాలుగో పుస్తకం రాసిచ్చినవాళ్లకు, హక్కుదారులకు, వాళ్ల ప్రతినిధులకు మాత్రమే.

గుమాస్తాగారు: ఇంకొకటి. ఒరిజినల్‌కి స్టాంపు తక్కువైతే కాపీ మీద పెనాల్టీ కట్టి గట్టెక్కలేం. 1971లో జూపూడి కేశవరావు కేసులో సుప్రీంకోర్టు తేల్చేసింది. రిజిస్టరైన వాటికి ఈ బాధ తక్కువ గానీ, స్టాంపు లేని పాత అగ్రిమెంట్ల జిరాక్స్‌లు పట్టుకొచ్చేవాళ్లు వారానికి ఒకరైనా వస్తారు.

ఎర్రబట్ట: పాస్ పుస్తకం ఉంటే ఇదంతా అక్కర్లేదని మా ఊళ్లో ఒకాయన...

నల్లకోటు: అమ్మకం దస్తావేజు చేసే పని పాస్ పుస్తకం చేయదు. దాని మీద వేరే చర్చ పెట్టండి.

కాలువగట్టు: అందరికీ కృతజ్ఞతలు. నోటీసు రాయిస్తున్నాను. చనిపోయిన సాక్షుల సంగతి ఎవరూ చెప్పలేదు.

పెద్దక్క: అమ్మకం దస్తావేజుకు వీలునామా లాగా అటెస్టేషన్ సాక్షి తప్పనిసరి కాదు తమ్ముడూ, దానికి భయపడకు. సంతకమే కాదంటే మాత్రం అమ్మినవాళ్ల సంతకం గుర్తుపట్టే మనిషి కావాలి. పొలం పక్కవాళ్లలో పెద్దవాళ్లు ఎవరైనా ఉన్నారేమో కనుక్కో.

కాలువగట్టు: అమ్మినాయన కొడుకు ఉన్నాడక్కా, ఎనభై దాటాయి. రేపు వెళ్తాను.

మెట్టపొలం: ఈ వారమే వెళ్లండి. నోటీసు స్పీడ్ పోస్టులో పంపి రసీదు, చేరినట్టు వచ్చిన రుజువు ఫైల్లో పెట్టండి. మా దగ్గర అడిగినప్పుడు రసీదు దొరకలేదు.