మెటల్ యోయో చేతికి తిరిగి రావడం లేదు, పాడైందా?

ప్రశ్న (ఫ్రీమాంట్, కాలిఫోర్నియా):
మావాడి పుట్టినరోజుకి బేరింగ్ ఉన్న అల్యూమినియం యోయో కొన్నామండీ. విసిరితే భలే తిరుగుతోంది కానీ, లాగితే పైకి రాదు. ఊరి నుంచి వచ్చిన మా అత్తయ్యగారు బేరింగులో కొబ్బరినూనె చుక్క వేశారు. ఇప్పుడు వస్తోంది! వాడేమో "నాశనం చేశారు" అని ఒకటే గోల. పోటీలకు వెళ్తాడట. ఏం చేయాలి?

జవాబు:
మీవాడి గోలలో న్యాయం ఉందండీ. ఇలాంటి పోటీ యోయోలు లాగితే రాకూడదు, వాటి తయారీయే అంత. గాడి వెడల్పు, దారం లోపలి గోడలకు తగలదు. అందుకే నిమిషాల తరబడి తిరుగుతూ ఉంటుంది, ఆ లోపే విన్యాసాలన్నీ. చిక్కటి నూనె బేరింగుకి బ్రేకు వేసింది కాబట్టి వెనక్కి వస్తోంది, అంతే. బేరింగు ఊడదీసి, మూతలు తీసి, ఎసిటోన్ అనే ద్రావకంలో కడిగి పూర్తిగా ఆరనివ్వండి. ఈ పని పెద్దవాళ్లే చేయాలి, కిటికీ తెరిచి, పొయ్యికి దూరంగా.

వెనక్కి రప్పించడానికి "బైండ్" నేర్చుకోవాలి. యోయో కింద తిరుగుతుండగా రెండో చేతి వేలితో దారాన్ని మడిచి, ఆ మడతను గాడిలోకి వదలాలి. మడత ఇరుక్కుని, గాడి లోపలి గోడలకు ఉండే సిలికాన్ బిళ్లలకు పట్టుకోగానే రివ్వున చేతిలోకి వస్తుంది. మొదట్లో వేలి కణుపుల మీద తగులుతుంది, తప్పదు.

ఇంకొకరి జవాబు:
దారం పొడవు చూశారా? యోయోని నేల మీద పెడితే దారం పిల్లాడి బొడ్డు దాకా రావాలి, అక్కడ ముడి వేసి మిగతాది కత్తిరించండి. కొత్త దారం పిల్లలకు మరీ పొడుగు. ఆడుతుంటే మెలి ఎక్కి వదులు దారం చుట్టలు చుట్టుకుంటుంది. అప్పుడు యోయోని పట్టుకుని దారాన్ని గాల్లో వేలాడదీస్తే అదే విడిపోతుంది.

ప్రశ్న అడిగినవారు:
కడిగామండీ, మళ్లీ రావడం మానేసింది, వాడికి పండగే! పోటీలో ఏ విభాగం?

జవాబు:
వాడి చేతిలో ఉన్నది 1ఏ, ఒకే యోయోతో దారం విన్యాసాలు. 2014, 2019లో ఇందులో ప్రపంచ విజేత జెంట్రీ స్టీన్, అతని వీడియోలు చూపించండి. 2ఏ రెండు చేతులా లూపులు, దానికి యోయోలు వేరు. 4ఏలో యోయోకి దారం కట్టి ఉండదు. జడ్జీలు నొక్కి లెక్కపెట్టే క్లిక్కర్లు పట్టుకుని ఒక్కో అంశానికీ నొక్కుతుంటారు, తప్పులకూ నొక్కుతారు. ముడి పడితే విప్పుతూ కూర్చోకుండా రెండో యోయో అందుకోవాలి. కాబట్టి అలాంటిదే ఇంకొకటి కొనక తప్పదు, దారాలు మాత్రం కట్టలుగా తీసుకోండి.