పిల్లల గది గోడ మీద మొదటి బొమ్మ ఎవరిది: కూస్టోదా, హాల్డేన్‌దా?

గౌతమిగట్టు:
మా ఊరి గ్రంథాలయంలో పిల్లల గదికి బొమ్మలు వేయిస్తున్నారు. ఈసారి నీటి అడుగు లోకానికి దారి చూపినవాళ్లని వేద్దామన్నారు. అందరి నోటా వచ్చిన పేరు ఫ్రెంచి సముద్ర అన్వేషకుడు కూస్టో. నేను బ్రిటిష్ శాస్త్రవేత్త జె.బి.ఎస్. హాల్డేన్ ముందుండాలన్నాను. అక్కడ తెగలేదు, అందుకే ఇక్కడ అడుగుతున్నాను.

గుండె ధైర్యం ఉంటే నీళ్లలోకి దిగొచ్చు. దిగినవాడు ప్రాణాలతో పైకెలా రావాలో తేల్చడానికి తన ఒంటినే పణం పెట్టినవాడు హాల్డేన్. పైగా మనకి పరాయివాడు కాదు. 1957లో ఇంగ్లండ్ వదిలి మన దేశానికి వచ్చేశారు. 1964 డిసెంబరు 1న భువనేశ్వర్‌లో పోయారు. తన దేహాన్ని వైద్య విద్యార్థుల కోసం మన కాకినాడ రంగరాయ మెడికల్ కాలేజీకి ఇమ్మని వీలునామా రాశారు. ఈ సంగతి జిల్లాలో పిల్లలకి ఎవరూ చెప్పరు. నా బాధ అదే.

ఓడలరేవు కుర్రాడు:
హాల్డేన్ గొప్పవారే, కాదనను. కానీ ఆయన జన్యుశాస్త్రవేత్త అండి. పరీక్షల కోసం ఇనుప గదిలో కూర్చున్న మనిషిని సముద్ర అన్వేషకుడంటే ఎలా? 1943లో కూస్టో, ఎమిల్ గన్యాన్ కలిసి ఆక్వాలంగ్, అంటే వీపుకి కట్టుకుని దిగే గాలి సిలిండర్ పరికరం, తయారుచేశారు. అంతకుముందు పైనుంచి గాలి గొట్టం, రాగి హెల్మెట్, సీసం బూట్లు. గొట్టం ఎంత పొడుగుంటే అంతవరకే. ఆక్వాలంగ్‌లో ఊపిరి పీల్చినప్పుడే, ఆ లోతుకి తగ్గ ఒత్తిడితో గాలి వస్తుంది. మనిషి చేపలా తిరగగలిగింది దానివల్లే. మా తీరం దగ్గర సముద్రంలో గ్యాస్ పైపుల పనికి దిగే డైవర్లని చూసి పెరిగాను నేను. నా ఓటు కూస్టోకే.

గౌతమిగట్టు:
ఆ పైపుల దగ్గర దిగే డైవర్ పైకి వచ్చేటప్పుడు మధ్యలో ఎందుకు ఆగుతాడు? అది జె.బి.ఎస్. నాన్నగారు జాన్ స్కాట్ హాల్డేన్ 1908లో అచ్చువేసిన లెక్కల నుంచి వచ్చింది. లోతులో ఒత్తిడికి నైట్రోజన్ రక్తంలో, కండలో కరిగిపోతుంది. ఒక్కసారిగా పైకొస్తే గోలీసోడా కొట్టినట్టు బుడగలు కట్టేస్తుంది. కీళ్లు పట్టేస్తాయి, పక్షవాతం రావచ్చు, ప్రాణమూ పోవచ్చు. 30 మీటర్ల లోతులో మనిషి మీద ఒత్తిడి గట్టు మీదకంటే నాలుగింతలు, 10 మీటర్ల దగ్గర రెండింతలు. ఒత్తిడి సగానికి తగ్గేవరకు ఎక్కొచ్చు, అక్కడ ఆగాలి అని మేకల మీద, మనుషుల మీద పరీక్షించి చెప్పారాయన.

ఇనుప గది అన్నారు కదా. 1906లో స్కాట్లండ్ దగ్గర ఆ పరీక్షలు జరిగినప్పుడు జె.బి.ఎస్.కి 13 ఏళ్లు. నాన్న ఆయన్నీ సముద్రంలోకి దింపారు. సూటు పెద్దవాళ్లది, మణికట్టు దగ్గర బిగుతు లేదు. లోపలికి నీళ్లు కారుతూనే ఉన్నా కుర్రాడు దిగాడు.

ఇక 1939 జూన్ 1న థెటిస్ అనే బ్రిటిష్ జలాంతర్గామి పరీక్షా ప్రయాణంలోనే మునిగి 99 మంది చచ్చిపోయారు. అందులో చాలామంది ఓడ కట్టిన కార్మికులు. వాళ్ల సంఘాలు అడిగితే జె.బి.ఎస్. ఇనుప గదిలో కూర్చుని, విషమెక్కే గాలి పీల్చి చూశారు. తర్వాత నౌకాదళం కోసం ఒత్తిడి పెంచి ఆక్సిజన్ పీల్చారు. ఫిట్స్ వచ్చి వెన్నుపూస దెబ్బతింది, ఆ నొప్పి పోలేదు. ఆ గదిలో హెలెన్ స్పర్వే కూడా కూర్చున్నారు, తర్వాత ఆయన భార్య అయ్యారు. ఆవిడ పేరు కూడా గోడ మీద రాయాలి.

ఓడలరేవు కుర్రాడు:
లెక్కలు నాన్నవి, ఒళ్లు కొడుకుది, సరే. మరి కూస్టో జట్టు ఊరికే తిరిగిందా? మోరిస్ ఫార్గ్ 1947లో ఆక్వాలంగ్‌తో 120 మీటర్లు దిగి తిరిగి రాలేదు. ఎంత లోతు వరకు పోవచ్చో తెలిసింది అలాంటివాళ్ల ప్రాణాలతోనే. అదీ అన్వేషణే.

కొవ్వూరు ఇసుకపడవ:
ఇద్దరూ దొరలనే పట్టుకున్నారండి. మా నాన్న ఇసుక పడవ మీద పనిచేశాడు. గోదావరిలో గెడ దింపి, దాన్ని పట్టుకుని బకెట్టుతో అడుక్కి పోతారు. చెయ్యి కూడా కనపడదు, అంతా బురద నీరు. బకెట్టు నిండగానే పైకి తన్నుకొస్తారు, మళ్లీ దిగుతారు. చెవి నొప్పని ఎవరూ సెలవు పెట్టరు. 2019 సెప్టెంబరులో కచ్చులూరు దగ్గర పర్యాటక పడవ మునిగితే అక్టోబరులో బయటికి తీసింది మన కాకినాడ ధర్మాడి సత్యం గారి బృందమే, విశాఖ డైవర్ల సాయంతో. వాళ్ల బొమ్మ ఉండొద్దా?

గౌతమిగట్టు:
ఉండాలండి, తప్పకుండా. ఇంకో మాట కూడా చెప్తాను. ఒక్క ఊపిరితో దిగి వెంటనే వచ్చేసే మీ నాన్నగారికి ఆ బుడగల జబ్బు సాధారణంగా రాదు. రేపు అదే మనిషి చేతికి ఎవరైనా గాలి సిలిండరిచ్చి, పైకొచ్చే పద్ధతి చెప్పకుండా కచ్చులూరు లాంటి లోతుకి పంపితే వస్తుంది. ఎక్కడైనా ఎవరైనా మునిగితే అధికారులు మొదట పిలిచేది గజ ఈతగాళ్లనే కదా. శిక్షణ లేకుండా, బీమా లేకుండా. అందుకే హాల్డేన్ ముందు అంటున్నాను. ఆయన పక్కనే ఇసుక పడవ మనిషి ఉండాలి, గెడ పట్టుకుని. కూస్టో ఆ తర్వాత.

ఓడలరేవు కుర్రాడు:
పడవ మనిషికి ఒప్పుకుంటాను. కూస్టోని మూడోవాడిగా వేస్తే మాత్రం ఒప్పుకోను. ఆదివారం మీ గ్రంథాలయానికి వస్తున్నాను, కమిటీ ముందే మాట్లాడుకుందాం.