మాటల్లేని సీన్ తీయాలి, కాస్త సలహా ఇవ్వండి

నెట్‌ఫ్లిక్స్‌లో 2017లో వచ్చిన 'మాస్టర్ ఆఫ్ నన్' రెండో సీజన్, ఆరో ఎపిసోడ్ చూసినవాళ్లు ఉన్నారా? హీరోని పక్కన పెట్టేసి న్యూయార్క్‌లోని మామూలు మనుషుల వెంట వెళ్తుంది. ఒక డోర్‌మ్యాన్, షాపులో పనిచేసే చెవిటి అమ్మాయి, ఒక టాక్సీ డ్రైవర్. రాత్రయ్యేసరికి ఆ డ్రైవర్, అతని రూమ్మేట్లు క్లబ్బుకని బయల్దేరి చివరికి బర్గర్ షాపులో డాన్స్ చేస్తారు. నాకైతే అసలు కథ కంటే ఇదే నచ్చింది.

ఆ అమ్మాయి భాగంలో శబ్దమే ఉండదు. ఇంకో షాపు మధ్యలో నిలబడి బాయ్‌ఫ్రెండ్‌తో సైగల్లోనే పోట్లాడుతుంది, మనకి సబ్‌టైటిల్స్ మాత్రమే.

మేం హైదరాబాద్‌లో ఇలాంటిదే ఒక షార్ట్‌ఫిల్మ్ అనుకుంటున్నాం: అపార్ట్‌మెంట్ వాచ్‌మన్, మెడికల్ షాపులో చెవిటి అమ్మాయి, ఆటో డ్రైవర్, సాయంత్రం ఆరు నుంచి పదకొండు దాకా. టెన్షన్ ఏంటంటే, యూట్యూబ్‌లో సౌండ్ ఆగగానే ఫోన్ పాడైందనుకుని జనం స్కిప్ కొట్టేస్తారు. సౌండ్ పూర్తిగా తీసేయాలా, సన్నగా ఏదైనా హమ్ ఉంచాలా? మిక్సింగ్ తెలిసినవాళ్లు చెప్పండి.

ఇంకోటి. వినికిడి ఉన్న నటికి నాలుగు సైగలు నేర్పించి తీయడం నాకిష్టం లేదు. ఇండియన్ సైన్ లాంగ్వేజ్ వాడే నటీమణులు, సెట్లో ఉండే ఇంటర్‌ప్రెటర్ హైదరాబాద్‌లో ఎక్కడ దొరుకుతారు? రోజుకి ఎంత ఇవ్వడం మర్యాద? బడ్జెట్ తక్కువే, కానీ ఊరికే చేయమని అడగం.